మీనచ్చిల్ కథకి బట్టలు: ఒక మలయాళ సినిమా కాస్ట్యూమ్ విభాగం ప్రాజెక్టు డైరీ

పని ఎంత ఉంది

కథ 1959లో మొదలై 1977లో ముగుస్తుంది. చోటు కోట్టయం జిల్లా పాలా చుట్టూ ఉన్న మీనచ్చిల్ ప్రాంతం. రబ్బరు తోట ఉన్న సిరియన్ క్రైస్తవ కుటుంబం. ముఖ్య పాత్రలు 9, మాటలున్న చిన్న పాత్రలు 22, ఊరేగింపు సీనుకి జూనియర్ ఆర్టిస్టులు 140 మంది.

స్క్రిప్టు మొదటిసారి చదవగానే తేలిన సంగతి ఒకటుంది. ఫ్రేములో ముప్పాతిక మంది తెల్లబట్టల్లోనే ఉంటారు. తోట యజమానిది తెలుపే, అతని తల్లిది తెలుపే, చర్చి ఫాదర్‌ది తెలుపే, బడిపంతులుదీ తెలుపే. రంగుతో పాత్రల్ని విడదీసే వీలు లేదు. నూలు నంబరు (నంబరు పెరిగేకొద్దీ నూలు సన్నం), అంచు వెడల్పు, గంజి, నీలిమందు, మాపు, కట్టు తీరు, వీటితోనే ఎవరు ఎవరో చెప్పాలి. కాస్ట్యూమ్‌కి జాతీయ అవార్డు అందుకున్న మలయాళ చిత్రాల్లో పి. కృష్ణమూర్తి చేసిన ‘ఒరు వడక్కన్ వీరగాథ’ (1989), సుజిత్ సుధాకరన్, వి. సాయి చేసిన ‘మరక్కార్’ (67వ అవార్డులు) కవచాలూ కత్తులూ ఉన్న కథలు. అవి గొప్ప పనులే, సందేహం లేదు. కానీ మలయాళంలో ఏటా వచ్చే సినిమాల్లో ఎక్కువ భాగం మామూలు మనుషుల ఇళ్లలో జరిగేవే. ఈ వృత్తిలో నిలబడాలంటే తెలుపులో తేడా చూడటం ముందు నేర్చుకోవాలి.

రెండో సంగతి వాన. కేరళలో ఇ.ఎం.ఎస్. కమ్యూనిస్టు ప్రభుత్వానికి వ్యతిరేకంగా సాగిన విమోచన సమరం 1959 జూన్, జులైలలో ఉధృతమైంది. జులై 31న కేంద్రం ఆ ప్రభుత్వాన్ని బర్తరఫ్ చేసింది. అంటే మన ఊరేగింపు నడివానాకాలంలో నడుస్తుంది. 140 మంది తడిసిన తెల్లబట్టలు, నల్ల గొడుగులు, మోకాళ్ల దాకా ఎర్రమట్టి. స్క్రిప్టులో ‘పగలు, బయట’ అని మాత్రమే ఉంది. తేదీని పట్టుకుని రుతువు, రుతువును పట్టుకుని బట్టల స్థితి మనమే రాసుకోవాలి.

స్క్రిప్టు విడదీత

118 సీన్లను 41 కథాదినాలుగా విడదీశాం. ఒకే రోజు జరిగే సీన్లన్నిటికీ ఒకే నంబరు. షూటింగు ఏ వరుసలో జరిగినా బట్ట కథాదినం నంబరుతోనే బయటికి రావాలి. ప్రతి వరుసలో రాసుకునేవి: పాత్ర, దినం, పై బట్ట, కింది బట్ట, భుజం మీద తోర్తు (కేరళ పల్చని తువ్వాలు) ఉందా లేదా, చెప్పులు, నగలు, సీను మొదట్లో బట్ట స్థితి, చివర్లో స్థితి, తడి, మట్టి, నెత్తురు.

మలయాళ కథలకి ఇంకో గడి తప్పనిసరి: ముండు (కేరళ పంచె) దించి ఉందా, మడిచి కట్టారా. మోకాళ్ల పైకి మడిచి నడుం దగ్గర దోపుకోవడాన్ని మడక్కిక్కుత్తు అంటారు. పనిలో, నడకలో, స్నేహితుల మధ్య, తగాదాలో మడుస్తారు. పెద్దవాళ్లు ఎదురైతే దించుతారు. దించకపోతే అది ధిక్కారం. 32వ సీన్లో టాపర్ (రబ్బరు చెట్టుకి గాటు పెట్టి పాలు తీసే పనివాడు) కొడుకు యజమాని ముందు ముండు దించకుండా నిలబడాలన్నది ఈ గడి నింపుతున్నప్పుడు తట్టిన ఆలోచనే. దర్శకుడు ఒప్పుకున్నాక దాన్ని స్క్రిప్టులో చేర్చారు. ఇలాంటిది సెట్ మీద చెబితే ఆలస్యమవుతుంది. విడదీత కాగితంతో పాటే దర్శకుడి ముందు పెట్టాలి.

కట్టు ఏ వైపు అన్నదీ రాయాలి. కేరళలో ముస్లిం పురుషులు ముండు కొసను ఎడమవైపుకి, హిందువులూ క్రైస్తవులూ కుడివైపుకి వచ్చేలా కడతారని వాడుక. ఊరేగింపులో ముస్లిం వ్యాపారి పాత్ర ఒకటి ఉంది. అతని కొస కుడివైపు పడితే కేరళ ప్రేక్షకుడు మొదటి షాట్లోనే పట్టేస్తాడు. అద్దంలో చూసుకుంటూ కట్టుకునే నటులకి వైపు తారుమారయ్యే ప్రమాదం ఎక్కువ. అందుకని లోపలి అంచున కుడి మూలకి ఎర్ర దారంతో చిన్న టాకా వేశాం.

పాత ఫొటోలు ఎలా చదవాలి

కుటుంబ ఆల్బములు, చర్చి పండగ ఫొటోలు, పెళ్లి గ్రూపు ఫొటోలు సేకరించాం. వీటితో ఒక చిక్కుంది. స్టూడియో ఫొటోలో ఉన్నది రోజువారీ బట్ట కాదు, పెట్టెలోంచి తీసిన మంచి బట్ట. దాన్ని చూసి వంటింటి సీనుకి బట్ట కుడితే అందరూ పెళ్లికి వెళ్తున్నట్టుంటారు. రోజువారీ బట్ట గ్రూపు ఫొటోల అంచుల్లో దొరుకుతుంది: వరస చివర నిలబడ్డ పనివాళ్లు, ఇంటి వెనక నుంచి తొంగిచూస్తున్న పిల్లలు, ఫ్రేములోకి సగమే వచ్చిన వంటామె. ఆ అంచుల్ని పెద్దవి చేసి గోడకి అంటించుకున్నాం. మోచేతి దగ్గర చొక్కా ఎన్ని మడతలు పడింది, ముండు చీలమండకి ఎంత పైన ఆగింది, తోర్తు భుజం మీదా తల మీదా, ఇవన్నీ అక్కడే తెలుస్తాయి.

నలుపు తెలుపు ఫొటోలో అంచు రంగు తెలియదు. ఆ కాలపు ముండు ఏ ఇంట్లోనైనా మిగిలి ఉంటే అది పది ఫొటోలకి సమానం. అరువు తెచ్చుకున్న పాత బట్టని నటులకి కట్టకూడదు. నూలు చివికి ఉంటుంది, మడత దగ్గర చిరుగుతుంది. కొలత తీసుకుని, అంచు ఫొటో తీసి, అంగుళానికి ఎన్ని పోగులున్నాయో భూతద్దంతో లెక్కపెట్టుకుని తిరిగి ఇచ్చేయాలి.

బట్ట కొనుగోలు

మూడు చోట్ల నుంచి తెచ్చాం. తిరువనంతపురం దగ్గర బాలరామపురం, ఎర్నాకుళం జిల్లా చేందమంగలం, త్రిశ్శూరు జిల్లా కుత్తాంపుళ్లి. కుత్తాంపుళ్లిలో నేసేవాళ్లు మైసూరు వైపు నుంచి వచ్చి భారతప్పుళ ఒడ్డున స్థిరపడ్డ దేవాంగులు. మన వైపు దేవాంగుల మగ్గాలు చూసినవాళ్లకి అక్కడి పని వాతావరణం వెంటనే పరిచయమైపోతుంది. బాలరామపురం గుంటమగ్గం బట్టకి రెండు ముఖాలూ ఒకేలా ఉంటాయి. నడుస్తున్నప్పుడు ముండు కొస ఎగిరి లోపలి వైపు కనిపించినా తేడా రాదు. యజమాని పాత్రకి అందుకే అది ఎంచుకున్నాం. చేందమంగలం మగ్గాలు 2018 వరదలో బాగా దెబ్బతిని మళ్లీ లేచినవి. ఆర్డరు ఇచ్చేటప్పుడు గడువు ఒత్తిడి పెట్టకుండా ముందుగానే చెప్పాలి.

కొలతలు: డబుల్ ముండు 3.8 నుంచి 4 మీటర్లు, ఒంటి ముండు 2 మీటర్లు, పన్నా 127 సెంటీమీటర్లు. ఆడవాళ్ల సెట్ ముండులో రెండు ముక్కలు, ఒక్కోటి 2.8 మీటర్లు. ఆర్డరు ఇచ్చేటప్పుడు అంచు వెడల్పు అంగుళాల్లో రాసివ్వాలి. పడుగు మగ్గానికి ఎక్కాక అంచు మార్చలేరు. 1959 రోజువారీ ముండుకి పావు అంగుళం నుంచి అరంగుళం దాకా రంగు కర (అంచు గీత) చాలు. ఇప్పుడు అంగళ్లలో దొరికే రెండు మూడు అంగుళాల కసవు (జరీ అంచు) ఓణం పండగ కోసం తయారయ్యేది. పాత కాలపు కథలో కట్టిస్తే కాలం దెబ్బతింటుంది.

కసవు సంగతి విడిగా చెప్పాలి. చౌకరకం జరీ అంటే లోహపు పూత పూసిన పాలిస్టర్ దారం. ఎల్‌ఈడీ లైటు పడగానే తెల్లటి చుక్కలుగా మెరుస్తుంది, గ్రేడింగులో (షూటింగు అయ్యాక రంగులు సరిదిద్దే పని) కూడా అణగదు. లోహపు తీగ చుట్టిన జరీ పసుపు వెలుగునే తిప్పి ఇస్తుంది. తేడా తెలియాలంటే ఒక పోగు లాగి నిప్పు చూపించాలి. ప్లాస్టిక్ జరీ కరిగి ఉండ కడుతుంది. లోహపు జరీకి పట్టో నూలో కాలిపోయి సన్నటి తీగ మిగులుతుంది. తెలుగు సినిమాలో కేరళ పాత్ర వచ్చినప్పుడల్లా ఎక్కువగా కనిపించేది ఆ చుక్కల జరీయే. మన దగ్గర పనిచేసే సహాయకులు ఈ పరీక్ష ఒక్కటి చేసినా చాలా బాగుపడుతుంది.

చొక్కాల పాప్లిన్ మిల్లు బట్ట. మిల్లు తెలుపులో ఆప్టికల్ బ్రైటనర్ కలుపుతారు. అది అతినీలలోహిత కాంతిని నీలంగా మార్చి వదులుతుంది, ఎండలో బట్ట నీలంగా వెలుగుతుంది. 365 నానోమీటర్ల టార్చి చీకటి గదిలో వేసి చూస్తే అలాంటి తాను నియాన్ లైటులా కనిపిస్తుంది. దాన్ని ఎంత ఉతికినా పూర్తిగా పోదు. టీ రంగు వేసినా పైన మురికిగా, లోపల నీలంగా కనిపిస్తుంది. వెలిగే తాను కొనకుండా వదిలేయడమే దారి. కోరా బట్ట తెచ్చి మనమే తెలుపు చేసుకోవడం మేలు.

కత్తెర పెట్టే ముందు ప్రతి తానునీ రాత్రంతా నీళ్లలో నానబెట్టి, నీడన ఆరబెట్టి, మళ్లీ కొలవాలి. మగ్గం బట్టకి మీటరుకి 5 సెంటీమీటర్లు కుంగుబాటు వేసుకున్నాం. నానబెట్టకుండా కుట్టిన చొక్కా మొదటి వాన సీనుకే మణికట్టు పైకి ఎక్కుతుంది.

ఐదు తెలుపులు

కెమెరా టెస్టుకి ముందు ఛాయాగ్రాహకుడు అడిగింది ఒక్కటే: వేవ్‌ఫారంలో (వెలుగు స్థాయి కొలిచి చూపే తెర) తెల్లబట్ట 80 శాతం దాటకూడదు. దాటితే నేత కనిపించదు, ముఖం నల్లబడుతుంది. అందుకని అసలు తెలుపు అన్నదే సెట్ మీద లేకుండా ఐదు స్థాయిలు తయారుచేసి, ప్రతిదాని ముక్కా ఒక అట్టమీద అంటించి అన్ని విభాగాలకీ ఇచ్చాం.

అన్నిటికంటే ప్రకాశవంతమైనది చర్చి తెలుపు. ఆదివారం బట్టలకే వాడతాం. దాని తర్వాత యజమాని ఇంటి తెలుపు. ఆ ఇంట్లో చాకలి ఉతుకుతాడు, నీలిమందు పెడతాడు. నీలిమందు పొడిని నేరుగా నీళ్లలో వేస్తే కరగని గింజలు నీలం మచ్చలవుతాయి. రెండు పొరల మల్లుగుడ్డలో మూటగట్టి నీళ్లలో తిప్పి, ఆ నీళ్లని మళ్లీ వడగట్టాలి. బట్టని తడిపి పిండి ఆ తర్వాతే ముంచాలి. పొడిబట్ట ముంచితే మొదట తగిలిన చోటే రంగంతా పీల్చుకుంటుంది. మూడోది కోరా, పంతులుకి. నాలుగు, ఐదు టీ రంగులు.

టీ రంగు కొలత: కిలో పొడిబట్టకి 20 లీటర్ల నీళ్లు, 40 గ్రాముల టీపొడి. పొడిని గుడ్డలో కట్టి 15 నిమిషాలు మరిగించి తీసేయాలి. నీళ్లు కాస్త చల్లారాక తడిబట్ట వేసి 10 నిమిషాలు ఆపకుండా తిప్పాలి. ముదురు స్థాయికి 80 గ్రాములు, 20 నిమిషాలు. ఇనుప బకెట్టూ తుప్పు పట్టిన గంగాళమూ పనికిరావు. టీలోని టానిన్ ఇనుముతో కలిస్తే బట్ట గోధుమరంగుకి బదులు బూడిద రంగుకి తిరుగుతుంది. బోరు నీళ్లలో ఇనుము ఎక్కువున్న చోట కూడా ఇదే జరుగుతుంది, అందుకని లొకేషన్‌లో రంగు వేయకూడదు. ఒక పాత్రకి కావలసిన డబుల్స్ (ఒకే బట్టకి అదనపు సెట్లు) అన్నీ ఒకే గంగాళంలో ఒకేసారి వేయాలి. విడివిడిగా వేస్తే రెండు ముంపులకి ఒకే రంగు రాదు.

లొకేషన్‌లో ఉతికేవాళ్లకి సంచి మీద పెద్ద అక్షరాల్లో మలయాళంలో రాసిపెట్టాం: బ్లీచింగ్ వద్దు, నీలం వద్దు, ఎండ వద్దు. ఒక్కసారి బ్లీచింగ్ తగిలితే టీ రంగు పోయి కంటిన్యూటీ (షాటుకీ షాటుకీ బట్ట ఒకేలా ఉండటం) మొత్తం తెగుతుంది.

చట్ట, ముండు, వెనక విసనకర్ర

పెద్దామె పాత్రకి చట్టయుం ముండుం, అంటే పాత తరం సిరియన్ క్రైస్తవ స్త్రీల వేషం. వదులుగా ఉండే తెల్లటి చట్ట, ‘వి’ ఆకారపు మెడ, పొట్టిచేతులు. సుమారు 7 గజాల ముండు. చర్చికి వెళ్లేటప్పుడు పైన కప్పుకునే బట్ట కవణి. చెవి పైభాగాన పెట్టుకునే పోగు కుణుక్కు. ముండు కొసను సన్నటి కుచ్చిళ్లుగా మడిచి వెనక విసనకర్రలా విచ్చుకునేలా దోపడాన్ని ఞొరి అంటారు. ఈ సినిమాలో అన్నిటికంటే కష్టమైన వస్త్రం ఇదే.

కుచ్చిలి వెడల్పు ఒకటిన్నర అంగుళం, మొత్తం 18. ప్రతి కుచ్చిలినీ వేళ్లతో గీరి, పైనుంచి 4 అంగుళాల దాకా కోరా దారంతో టాకాలు వేసి, ఒకటిన్నర అంగుళాల నూలు పట్టీకి బిగించాం. ఆ పట్టీని నడుముకి బొందుతో కడతారు. పైన ముండు సహజంగా చుట్టుకున్నట్టే ఉంటుంది. నటి కూర్చుంటే విసనకర్ర నలుగుతుంది. కుచ్చిళ్ల భాగానికి మాత్రమే గంజి పెట్టి, షాట్ల మధ్య వీపు ఆనని ఎత్తుపీట ఇస్తాం. అయినా నలగకుండా ఉండదు, కాబట్టి రోజుకి రెండు సిద్ధంగా ఉంచాలి. టాకాలు బిగుతుగా వేస్తే నడిచినప్పుడు విసనకర్ర అట్టముక్కలా ఊగుతుంది. కింది మూడు వంతులూ వదులుగా వదలాలి.

చట్ట కుట్టేటప్పుడు ఓవర్‌లాక్ (బట్ట అంచు పోగులు ఊడకుండా కుట్టే మెషిన్) వాడలేదు. ఆ ఊరి దర్జీ దగ్గర 1959లో ఆ మెషిన్ ఉంటుందని నమ్మలేం. చేతిని పైకెత్తినప్పుడు చంక దగ్గర లోపలి కుట్టు కనిపిస్తుంది. అంచులు లోపలికి మడిచి రెండుసార్లు కుట్టాం. దారం నూలుదే. పాలిస్టర్ దారం టీ రంగు పీల్చుకోదు, కుట్టు గీతంతా తెల్లగా తేలిపోతుంది.

టాపర్ బట్టలు

రబ్బరు పాలు బట్టమీద పడితే మొదట కనిపించవు. ఆరి, గాలికి పసుపై, తర్వాత గోధుమ, నలుపు మచ్చలుగా మారతాయి. ఉతికితే పోవు. టాపర్ లుంగీ ముందు భాగమంతా అలాంటి మచ్చల పొరే. అసలు పాలు వాడొద్దని ముందే అనుకున్నాం. అందులోని ప్రోటీన్లు కొందరికి ఎలర్జీ తెస్తాయి, నిలవ ఉంచిన పాలకి అమ్మోనియా వాసన. బదులుగా ప్రింటింగ్ బైండర్‌లో గోధుమ, నలుపు పిగ్మెంట్ కలిపి చెంచాతో చుక్కలు జార్చి, ఆరాక వెనకనుంచి వేడి ఇస్త్రీ పెట్టాం. బజారులో దొరికే తెల్ల జిగురుతో చేస్తే ఎండ సీన్లో బాగానే ఉంటుంది గానీ వాన సీన్లో కరిగి కారిపోతుంది.

మచ్చలు ఎక్కడ పడాలో ఊహించి వేయకూడదు. తోటకి వెళ్లి చూడాలి. టాపర్ చెట్టుకి దగ్గరగా వంగి, కత్తిని తన వైపుకి లాగుతాడు. చిప్పలోంచి బకెట్టులోకి పోసేటప్పుడు ఒలికేది తొడమీద. చేతులు తుడుచుకునేది తుంటి దగ్గర. భుజాల మీద మచ్చలుండవు.

అరుగుదలకి 120 నంబరు గరుకు కాగితం, ఇనుప బ్రష్. చొక్కా కాలరు మడత, జేబు అంచు, మోకాళ్లు, కూర్చునే చోటు, ఇవే అరుగుతాయి. తడిపి అరగదీస్తే రంధ్రం పడుతుంది, పొడిగానే చేయాలి. ఎర్రమట్టి అక్కడి లాటరైట్‌దే తెచ్చి, జల్లించి, బైండర్‌తో కలిపి కింది అంచు నుంచి పైకి పల్చబడేలా చల్లాం.

తడిసే బట్ట

పల్చని తెల్లనూలు తడిస్తే పారదర్శకం అవుతుంది. పోగుల మధ్య గాలి ఉన్నప్పుడు వెలుగు చెదిరి బట్ట తెల్లగా కనిపిస్తుంది, ఆ చోట నీళ్లు నిండితే చెదరడం తగ్గి వెనకున్నది కనిపిస్తుంది. ఊరేగింపు సీనుకి సన్నపు నూలు వదిలేసి 60వ నంబరు నూలు ముండ్లు, ఆడవాళ్లకి రెండు పొరల చట్టలు సిద్ధం చేశాం. లోపల తెల్లటి బట్ట వేసుకుంటే ఆ ఆకారం ఇంకా స్పష్టంగా బయటపడుతుంది. చర్మం రంగు లోదుస్తులు కొలతలతో ముందే కొనాలి. ఈ విషయంలో జూనియర్ ఆర్టిస్టుల్ని మినహాయించే అలవాటు పోవాలి. కెమెరా ముందు తడిసేది వాళ్లు కూడా.

డబుల్స్ లెక్క: మాటలున్న ప్రతి పాత్రకీ వాన సీనుకి ఒకే బట్ట 4 సెట్లు. ఒకటి తడి, ఒకటి ఆరుతోంది, ఒకటి పొడి, ఒకటి ఫైటు డూపుకి. డూపు బట్ట నడుం రెండంగుళాలు వదులు, లోపల ప్యాడ్లు పట్టాలి. ఫైటులో ముండు జారకుండా లోపల నిక్కరుకి మూడు చోట్ల కుట్టేస్తాం. వెల్క్రో పెడితే ఊడే చప్పుడు సౌండులో పడుతుంది.

వానాకాలంలో తడిబట్ట మూటగట్టి ఉంచితే తెల్లారేసరికి వాసన, రెండో రోజుకి బూజు మచ్చలు. గంజి ఉన్న బట్టకి బూజు ముందు పడుతుంది, అది దానికి తిండి. సర్దే ముందు గంజి పూర్తిగా వదలగొట్టాలి. కాస్ట్యూమ్ వ్యానులో డీహ్యూమిడిఫయర్ ఒకటి, ఫ్యాన్లు రెండు, తాళ్లకి జానెడు ఎడం. హీటరు దగ్గర పెట్టి ఆరబెడితే టీ రంగు గీతలుగా ఒక పక్కకి చేరుతుంది.

మైకు ఎక్కడ

లైవ్ సౌండు కాబట్టి సౌండు విభాగంతో ముందే కూర్చోవాలి. చొక్కా లేని పాత్రకి మైకు దాచే చోటుండదు. తోర్తు మడతలో దాచి, ట్రాన్స్‌మిటర్‌ని ముండు లోపల నూలు పట్టీకి కుట్టిన 3 అంగుళాల సంచిలో పెట్టాం. ముండు మడిచి కట్టే సీన్లో ఆ సంచి పక్కకి కాదు, వీపు వైపు ఉండాలి. గంజి చొక్కా మైకుకి రాసుకుని గరగరమంటుంది. మైకున్న చోట నాలుగంగుళాల మేర గంజి కడిగేయాలి. పాలిస్టర్‌కి ఏ మందూ లేదు, లోపల నూలు పట్టీ వేయడమే.

1977 భాగం

గల్ఫ్ నుంచి వచ్చిన రెండో కొడుకుతో రంగు ఫ్రేములోకి మొదటిసారి వస్తుంది. పొడుగు కొసల కాలరు (4 అంగుళాలు), పెద్ద పూల పాలిస్టర్ చొక్కా, బెల్‌బాటమ్. అతను తల్లికి తెచ్చిన ఫారిన్ చీర ఆమె కట్టదు, అది పెట్టెలోనే ఉంటుంది. ఆ చీర ఒక్కదానికే ఎక్కువ వెతికాం. పాత స్టాకు బట్ట తిరువనంతపురంలోని ‘చాల’ అనే బజారు, కొచ్చి మట్టాంచేరి లాంటి చోట్ల పాత దుకాణాల్లో దొరికే అవకాశం ఉంది. మడత గీత దగ్గర పసుపు పట్టి ఉంటుంది, అది పోదు. ఆ గీత కాజాపట్టీ కిందికి వచ్చేలా కత్తిరించుకోవాలి. చీరకయితే ఆ గీతే పెట్టెలో ఉన్న సాక్ష్యం, అలాగే ఉంచాం.

సన్నగళ్ల లుంగీలూ చిన్నచారల చొక్కాలూ డిజిటల్ సెన్సర్ మీద అలలు అలలుగా కదులుతాయి. 2, 4, 8 మీటర్ల దూరంలో టెస్టు తీశాం. 8 మిల్లీమీటర్ల కంటే చిన్న గడులన్నీ పక్కన పెట్టాం.

టీము, దారి

మలయాళంలో సాధారణంగా మొత్తం ఫ్రేము బట్టలకి కాస్ట్యూమ్ డిజైనర్‌దే బాధ్యత. హీరోకి ఒకరు, మిగతావాళ్లకి ఒకరు అనే పద్ధతికి బడ్జెట్లో చోటు తక్కువ. ఈ సినిమాకి డిజైనర్, అసోసియేట్, ఇద్దరు అసిస్టెంట్లు, ఒక కటింగ్ మాస్టరు, ఇద్దరు దర్జీలు, బట్టని పాతగా కనిపించేలా చేసే ఏజింగ్ మనిషి ఒకరు, సెట్ మీద డ్రెస్సర్లు.

ఈ వృత్తిలోకి రెండు దారులున్నాయి. కుట్టుమిషన్ దగ్గర మొదలయ్యేది ఒకటి. నటుడిగా అందరికీ తెలిసిన ఇంద్రన్స్ తిరువనంతపురంలో దర్జీ, 1980లలో సినిమా కాస్ట్యూమ్ పనితోనే లోపలికి వచ్చారు. రెండోది కాలేజీ దారి, కణ్ణూరులోనే నిఫ్ట్ (ఫ్యాషన్ టెక్నాలజీ కాలేజీ) ఉంది. ‘గప్పీ’కి రాష్ట్ర అవార్డు అందుకున్న స్టెఫీ సేవ్యర్ తర్వాత దర్శకురాలిగానూ సినిమా తీశారు. ఏ దారిన వచ్చినా అసిస్టెంటుకి మొదట ఇచ్చే పని కంటిన్యూటీ. అది విసుగు పని అనుకునేవాళ్లు నిలవరు. చొక్కా చేతికి ఎన్ని మడతలు, పైనుంచి ఎన్నో గుండీ విప్పి ఉంది, తోర్తు ఏ భుజం మీద, దాని ఏ కొస ముందు, మడక్కిక్కుత్తు మోకాలికి ఎన్ని వేళ్ల పైన: షాటుకి ముందొకసారి, అయ్యాక ఒకసారి, ముందు నుంచీ పక్క నుంచీ వెనక నుంచీ ఫొటోలు, కథాదినం నంబరుతో. కట్ చెప్పాక తీసిన ఫొటోయే అసలుది, ఎందుకంటే నటుడు షాటులోనే తోర్తు భుజం మారుస్తాడు. కొంత అనుభవం వచ్చాక ఫెఫ్కా (కేరళ సినిమా కార్మికుల సమాఖ్య) కింద ఉన్న కాస్ట్యూమ్ యూనియన్‌లో సభ్యత్వం తీసుకోవాలి.

మహిళా జూనియర్లు బట్టలు మార్చుకునే చోటు మా జాబితాలోనే పెట్టాం. సెట్లలో మరుగుదొడ్లు, బట్టలు మార్చుకునే చోటు లేని సంగతిని 2024 ఆగస్టులో బయటికి వచ్చిన జస్టిస్ హేమ కమిటీ నివేదిక గట్టిగా చెప్పింది. 8 అడుగులకి 10 అడుగుల గుడారాలు రెండు, లోపల గొళ్లెం, మందపాటి గుడ్డ (లోపల లైటు వేస్తే నీడ బయట పడకూడదు), అద్దం, బురద అంటకుండా చెక్క నేల. ఇది ప్రొడక్షన్ వాళ్ల దయ మీద వదలకుండా కాస్ట్యూమ్ బడ్జెట్లో ఒక వరుసగా రాస్తే ఎవరూ కొట్టేయరు.

ఊరేగింపు రోజు లెక్క

120 మంది మగవాళ్లు, మనిషికి 5 నిమిషాలు, డ్రెస్సర్లు 6 మంది: 100 నిమిషాలు. ఞొరి ఉన్న 20 మంది ఆడవాళ్లు, మనిషికి 15 నిమిషాలు, ముగ్గురు ఆడ డ్రెస్సర్లు: మళ్లీ 100 నిమిషాలే. చెప్పులు, గొడుగులు, తనిఖీ కలిపి షాటుకి మూడు గంటల ముందు మొదటి బస్సు దిగాలి. 9 గంటల షాటుకి 6కి.

తనిఖీలో ఎక్కువగా దొరికేవి బట్టలు కావు. చేతికి వాచీ తెల్లమచ్చ, తీర్చిదిద్దిన కనుబొమలు, ముండు పైన తొంగిచూసే లోదుస్తు ఎలాస్టిక్, పచ్చబొట్లు, పక్కలు చెక్కిన జుట్టు. మచ్చకి మేకప్, ఎలాస్టిక్‌కి బదులు బొందు నిక్కర్లు (150 కుట్టించాం), మిగతావాళ్లని గొడుగుల కింద మూడో వరసలోకి.

సర్దుబాటు

షూటింగు అయ్యాక అద్దె గొడుగులు, నగలు మొదట తిరిగి వెళ్లాలి. ముఖ్య పాత్రల బట్టలు మాత్రం ఎడిటింగ్ ముగిసేదాకా ఇవ్వం. ప్యాచ్ షూటు (మిగిలిన ముక్కల్ని తర్వాత తీయడం) ఎప్పుడైనా పడొచ్చు. కథాదినం నంబరు చీటీతో, చివరి షాటు ఫొటోతో కలిపి నూలు సంచుల్లో పెట్టాం. మాపు వేసిన బట్టలు ఉతక్కుండా, తేమ లేకుండా, విడిగా. ప్లాస్టిక్ కవరులో పెడితే లోపల చెమ్మ పట్టి జరీ నల్లబడుతుంది, కసవు ముండ్లు మల్లుగుడ్డలో చుట్టి నెలకోసారి మడత మార్చాలి. మిగిలిన కోరా తాను 22 మీటర్లు, చర్చి తెలుపు 9 మీటర్లు, ఐదు తెలుపుల అట్ట, టీ కొలతల కాగితం, అన్నీ ఒకే పెట్టెలో ఉన్నాయి. ప్యాచ్‌కి పిలుపు వస్తే మొదట ఆ అట్ట తీసుకుని గ్రేడింగు గదికి వెళ్లి, తెరమీది తెలుపుతో పక్కపక్కన పెట్టి చూశాకే కొత్త ముక్కని టీలో ముంచాలి.